బోర్డు మీద వేశాం

ఆ పొద్దున ఒకే అద్దం ముందు ఇద్దరు తయారవుతున్నారు. కోడలు ఆసుపత్రికి, ఆడబిడ్డ చిట్టి కోర్టుకి. కోడలు ప్రభుత్వాసుపత్రిలో ల్యాబ్ టెక్నీషియన్. ఆ ఉద్యోగాలు దొడ్డిదారిన ఇచ్చారు, రద్దు చేయండని కేసు వేసినవాళ్లలో చిట్టి ఒకతి. ఆమెదీ అదే చదువు. చోద్యం చూడండి, వదిన జడకి క్లిప్పు పెట్టింది కూడా చిట్టే.

"కేసు వెనక్కి తీసుకో," అన్నాడు అన్న, గుమ్మానికి అడ్డంగా నిలబడి. "నా వ్యాపారం మూలపడ్డాక ఇల్లు నడిచేది మీ వదిన జీతంతోనే. సొంతింటికే నిప్పు పెట్టుకుంటావా?"

"కేసు వదిన మీద కాదన్నయ్యా. ఎవరికీ తెలియకుండా ఉద్యోగాలిచ్చిన ఆఫీసు మీద."

"పోయేది మాత్రం వదిన ఉద్యోగమేగా!"

 చిట్టి కళ్లు ఎర్రబడ్డాయి.

"నేనేం దొంగతనం చేశానే?" అంది కోడలు. "మావయ్యగారు దరఖాస్తు తెచ్చి సంతకం పెట్టమన్నారు, పెట్టాను. ప్రకటన బోర్డు మీద వేశారటగా!"

"వేశాం," అన్నాడు పెద్దాయన పేపరు చాటునుంచి. అప్పట్లో ఆ ఆఫీసు సూపరింటెండెంటు ఆయనే. రిటైరయ్యాక కూడా ఇంట్లో ఆయన మాటకి తిరుగులేదు. ఆ పూట మాత్రం పేపర్లో ఒక్క పేజీ కూడా తిప్పలేదు.

చిట్టి ఆయన ముందుకెళ్లి నిలబడింది. "అప్పుడు నేనూ చదువు ముగించి ఖాళీగానే ఉన్నాగా నాన్నా? నాకూ దరఖాస్తు తెమ్మంటే వయసు చాలదన్నావు. చాలుతుందట. నిన్న లాయరుగారు చెప్పారు."

"ఆ లాయరుకేం తెలుసు? అంతా రూలు ప్రకారమే చేశాం!"

"ప్రకటన వేసింది ఏ రోజు?"

"ఆఫీసు బోర్డు మీద వేశాం అన్నానా!"

"ఏ రోజు నాన్నా?"

పెద్దాయన పేపరు కింద పెట్టాడు. "సెలవు రోజు," అన్నాడు చివరికి. "గేటుకి తాళం వేసి అతికించేవాళ్లం. ఫొటో తీసుకుని పీకేసేవాళ్లం. అందరూ అలాగే చేసేవారమ్మా. ఫైల్లో ఫొటో ఉంటే చాలు."

"మరి నేను? నేనీ ఇంట్లోనే ఉన్నాగా!"

"నువ్వు రేపో మాపో పెళ్లి చేసుకుని వెళ్లిపోయేదానివి. కోడలి జీతమైతే ఇంట్లోనే ఉంటుందనుకున్నా."

 కోడలు మంచం అంచున కూలబడింది. సూది గుచ్చినా తెలియనివ్వదని రోగులు ఆవిడ చేతిని మెచ్చుకుంటారు. ఆ పనితనం చూసే ఉద్యోగమిచ్చారని ఇన్నాళ్లూ మురిసిపోయిందా పిచ్చితల్లి.

"అంటే నేను చేస్తున్నది చిట్టి ఉద్యోగమా మావయ్యగారూ?"

 కోడలు కళ్లు తుడుచుకుని లేచింది. "పద చిట్టీ, నేనూ వస్తా. నాకు ప్రకటన కనబడలేదు, కాగితం ఇంటికే వచ్చిందని చెప్తా."

"నీకేమైనా పిచ్చా? ఉద్యోగం పోతుంది!" అరిచాడు మొగుడు.

"పోనీ. అందరికీ కనబడేలా ప్రకటన వేసిన రోజు మళ్లీ దరఖాస్తు రాస్తా. చిట్టి కూడా రాస్తుంది. ఎవరికొస్తే వాళ్లది."

చిట్టి వదినని వాటేసుకుని బావురుమంది. ఈ ఉద్యోగం పోతే ఈ ఇల్లు గడవడం ఎంత కష్టమో తనకి మాత్రం తెలియదా?

పెద్దాయన లేచి చొక్కా తగిలించుకున్నాడు. గుండీలు పెట్టుకోకుండానే గుమ్మం వైపు నడిచాడు.

"ఎక్కడికి నాన్నా?" అన్నాడు కొడుకు భయంగా. "నువ్వు నోరు విప్పితే పెన్షన్ ఆపేస్తారు!"

"ఆపనీరా. తాళం వేయించింది నేను. నా తప్పుకి వాళ్లిద్దరూ బోనెక్కితే ఇంట్లో కూర్చుని పేపరు చదువుకోనా?" చిట్టి వైపు తిరిగాడు. "పరాయింటికి పోయే పిల్ల అనుకున్నానే. నన్ను క్షమించు తల్లీ."

"ఏ ఇంటికి పోయినా నీ కూతుర్నేగా నాన్నా," అంటూ చిట్టి ఏడుస్తూనే ఆ గుండీలు పెట్టింది.

కోర్టు మెట్ల దగ్గర ఆ ముగ్గురినీ చూసినవాళ్లకి ఎవరి మీద ఎవరు కేసు వేశారో అంతు చిక్కి ఉండదు. చిట్టి ఒక చేత్తో నాన్నని, ఇంకో చేత్తో వదినని గట్టిగా పట్టుకుని మెట్లెక్కుతోంది.