మూడో అంతస్తు తలుపు మీద రెండు దెబ్బలు

ఆ అయిదంతస్తుల భవనంలో మూడో అంతస్తు ఊసెత్తితే జనం మాట మార్చేసేవారు.

రాత్రి ఎనిమిదిన్నరకి అక్కడ లిఫ్టు ఎక్కే ధైర్యం ఎవరికీ లేదు. రెండో అంతస్తు బటన్ నొక్కినా అది రెండు దాటి మూడుకి పోయేది. ఆగేది. ఎవరూ ఎక్కరు, ఎవరూ దిగరు. కాసేపు ఊరికే నిలబడి, ఎవరినో ఎక్కించుకున్నట్టు… మెల్లగా కిందికి వచ్చేది.

మూడో అంతస్తులో కాపురాలు లేవు. ఏడాది కిందట అక్కడుండే రేడియో మేస్త్రి సరిగ్గా ఎనిమిదిన్నరకి మందుల షాపుకని బయల్దేరి లిఫ్టు తలుపు లాగాడు. తలుపు వచ్చింది. లిఫ్టు రాలేదు. ఇంట్లో ఉన్న భార్యతో ఏదో చెబుతూ, వెనక్కి చూస్తూనే అడుగు వేశాడు.

ఆ మాట సగంలో ఆగిపోయిందంటారు. మిగతా సగం చెప్పడానికే రోజూ లిఫ్టులో పైకి వస్తున్నాడని వాచ్‌మన్ అంటాడు.

ఒక రాత్రి అక్కడికి వెళ్ళిన లిఫ్టు మెకానిక్ చెప్పగా విన్నవాళ్ళు నాకు చెప్పిన సంగతి ఇది.

అది పాతకాలపు లిఫ్టు. చేత్తో లాగే తలుపు. లిఫ్టు వచ్చి ఎదురుగా నిలబడితే తప్ప తలుపు తాళం వదలకూడదు. వదిలిందంటే ఎవడో సరిగ్గా బిగించలేదన్నమాట. మేస్త్రి పోయిన రోజు మధ్యాహ్నం సర్వీసు చేసి, లాగ్‌బుక్కులో సంతకం పెట్టి వెళ్ళినవాడు ఈ మెకానిక్కే.

“బిగించానండీ,” అని విచారణలో పదకొండు సార్లు చెప్పాడు. పదకొండు సార్లూ రాసుకున్నారు. మేస్త్రి భార్య చెప్పిన ఒక్క మాట కూడా రాసుకున్నారు. సాయంత్రం ఆరింటికి లిఫ్టు మనిషి ఒకడు మళ్ళీ వచ్చాడు. ఆవిడ తలుపు మూసుకుని లోపల పనిలో ఉంది, మొహం చూడలేదు. ఎవరని కేకేస్తే— స్పానరు మరిచిపోయానండీ, అన్నాడు.

ఆరింటికి ఎవరినీ పంపలేదంది కంపెనీ.

అయితే వచ్చింది నువ్వే, అన్నారు.

రాలేదన్నాడు. నమ్మలేదు. చివరికి తనని తానే నమ్మడం మానేశాడు. అలా మానిపించినవాడు బయటివాడు కాదు, సొంత బావమరిది.

“గుర్తు తెచ్చుకో బావా,” అనేవాడు బావమరిది, మెత్తగా. “అప్పుడు పాపకి జ్వరం. మూడు రాత్రులు నీకు కంటి మీద కునుకు లేదు. స్పానరు కోసం వెళ్ళే ఉంటావు. పనిలో పని తాళం ఒకసారి విప్పి చూసుంటావు. బిగించడం మరిచుంటావు. మనిషన్నాక జరుగుతుంది.”

ఏడాది పాటు ఆదివారం ఆదివారం భోజనానికి వచ్చి, చెయ్యి కడుక్కుంటూ ఇదే మాట.

వినగా వినగా మెకానిక్‌కి ఆ మెట్లు తాను ఎక్కినట్టే కనిపించసాగింది. చేతిలో స్పానరు బరువు తెలిసింది. వేసుకున్న నీలం చారల చొక్కా కూడా గుర్తొచ్చింది. ఆ చొక్కా కొన్నది ప్రమాదం జరిగిన రెండు నెలలకని భార్య చెప్పింది. అయినా కళ్ళ ముందు నుంచి చొక్కా పోలేదు.

“నా తమ్ముడే లేకపోతే నీకు ఆ వర్క్‌షాపులో గ్రీజు పూసే పని కూడా ఉండేది కాదు,” అని కూడా ఆవిడే అంది.

నిజమే. విచారణ తర్వాత మెకానిక్‌ని వర్క్‌షాపులో పడేశారు, అతనికి రావలసిన సూపర్‌వైజరు పదవి బావమరిదికి వచ్చింది. ఈ పనిలోకి బావమరిదిని తెచ్చినవాడు మెకానిక్కే అన్న సంగతి ఇద్దరూ ఎత్తేవారు కాదు.

ఇక లిఫ్టు గొడవ. కంపెనీ వరసగా నలుగురిని పంపింది. నలుగురూ ‘లోపం ఏమీ లేదు’ అని రాసి వచ్చారు. మర్నాడు ఎనిమిదిన్నరకి లిఫ్టు మళ్ళీ మూడుకి పోయింది. భవనంవాళ్ళు కాంట్రాక్టు రద్దు చేస్తామన్నారు. అప్పుడు బావమరిది వర్క్‌షాపుకి వచ్చి మెకానిక్ భుజం మీద చెయ్యి వేశాడు.

“రేపు పొద్దుటికి తేలాలట బావా. తేలకపోతే నిన్ను తీసేస్తామంటున్నారు. నా చేతిలో ఏమీ లేదు.”

“నువ్వూ రారాదూ?”

“ఆ దెయ్యాల కొంపకా? నాకు పెళ్ళాం పిల్లలున్నారు.”

“నాకు ఉన్నది మీ అక్కా, పాపేగా. వాళ్ళని లెక్కలో వెయ్యవా?”

బావమరిది నవ్వాడు. రానన్నాడు.

మెకానిక్ సాయంత్రం ఐదింటికి భవనానికి వెళ్ళాడు.

“నువ్వు ఐదోవాడివి,” అన్నాడు వాచ్‌మన్, కుర్చీలోంచి లేవకుండా. “మొన్నొచ్చినతను మెట్ల మీద చెప్పులు వదిలేసి పోయాడు. కావాలంటే నీ సైజేమో చూసుకో.”

మెకానిక్ మేడ మీది యంత్రం గదిలో మోటారు చూశాడు. బ్రేకు చూశాడు. తీగలన్నీ ఒక్కొక్కటే లాగి చూశాడు. అయిదు తలుపుల తాళాలూ విప్పి, తుడిచి, బిగించాడు. బిగించిన ప్రతిదాన్నీ మళ్ళీ తాకి చూసుకున్నాడు… మళ్ళీ… మళ్ళీ. ఏడాదిగా అదో రోగమైపోయింది. ఇంట్లో కుళాయి కట్టేసినా మూడు సార్లు వెళ్ళి చూస్తాడు.

లోపం లేదు. ఎక్కడా లేదు.

తల ప్రాణం తోకకొచ్చింది. ఎనిమిదింపావుకి మూడో అంతస్తు వరండాలో, చీకట్లో, గోడకి చేరగిలబడి కూర్చున్నాడు. ఎదురుగా లిఫ్టు తలుపు. పక్కనే మేస్త్రి ఇంటి తలుపు. దాని కింద సందులో వెలుతురు లేదు. హ్యాండిల్ మీద వేలు పెడితే దుమ్ము.

ఎనిమిదిన్నర.

కింద ఎక్కడో గొలుసు కదిలింది. మోటారు మూలిగింది. ఒకటి… రెండు… లిఫ్టు తలుపు కింద సన్నటి వెలుతురు గీత పడింది. ఆగింది.

ఎవరూ దిగలేదు.

అతనికి ఒళ్ళు జలదరించింది. ఆ వెంటనే ఒళ్ళు మండింది. లిఫ్టు రావాలంటే ఎవరో ఒకరు పిలవాలి. చచ్చినవాడైనా సరే, బటన్ నొక్కాల్సిందే. టార్చి వేసి బటన్ పలక నాలుగు మరలూ విప్పేశాడు.

వెనకాల వెంట్రుకంత సన్నటి రాగి తీగలు రెండు అతికి ఉన్నాయి. ఆ అతుకు లిఫ్టు మెకానిక్ వేసేది కాదు. ఆవగింజంత సీసం, నున్నగా… రేడియోలు బాగుచేసేవాళ్ళు వేసే అతుకు.

తీగల వెంట టార్చి నడిపించాడు. గోడ పగుల్లోంచి పోయి, మేస్త్రి ఇంటి గుమ్మంలోకి దూరాయి.

తలుపు దగ్గరికి వంగాడు.

“లోపల… ఎవరు?”

తలుపు అవతల, అతని చెవికి జానెడు దూరంలో, ఆడగొంతు—

“ఇంకోసారి మాట్లాడండి.”

అతను ఒక అడుగు వెనక్కి వేశాడు.

“స్పానరు మరిచిపోయానండీ, అనండి.”

“స్పానరు… స్పానరు మరిచిపోయానండీ.”

లోపల ఊపిరి వదిలిన చప్పుడు.

“మీరు కాదు,” అంది.

ఏడాదిగా ఆ రెండు మాటల కోసమే అతను బతికున్నాడు. విన్నాక ఏం చెయ్యాలో తెలియలేదు. గోడ పట్టుకుని నిలబడ్డాడు.

తలుపు తెరుచుకుంది. మేస్త్రి భార్య. అక్కగారింటికి వెళ్ళిపోయిందని అందరూ అనుకునే మనిషి. పగలు అక్కడే ఉంటుంది. సాయంత్రం వెనక మెట్లెక్కి, వెనక గుమ్మంలోంచి వచ్చి, దీపం వెయ్యకుండా కూర్చుని, ఎనిమిదిన్నరకి లోపలినుంచి బటన్ నొక్కి వెళ్ళిపోతుంది. భర్త పక్కన కూర్చుని ఆ అతుకులు వేయడం నేర్చుకుంది.

“విచారణ రోజు మిమ్మల్ని ఒక గదిలో, నన్ను ఒక గదిలో కూర్చోబెట్టారు,” అంది గుసగుసగా. “మీ గొంతు వినిపించమని అడిగాను. అవసరం లేదన్నారు. సరే, లిఫ్టు చెడితే మీ కంపెనీ మనుషులు ఒక్కొక్కరే రావాలిగా అనుకున్నాను. ఈ తలుపు వెనకే నిలబడి నలుగురిని విన్నాను. మీతో ఐదుగురు.”

“గొంతు ఒక్కటే గుర్తా?”

“గొంతు కన్నా… చప్పుడు. లిఫ్టు తలుపు తీసే ముందు రెండు సార్లు కొట్టాడు. టక్… టక్. మా తలుపేమో అనుకుని ఎవరని అడిగాను. లేకపోతే అడిగేదాన్నే కాదు.”

ఆ చప్పుడు మెకానిక్‌కి తెలుసు.

పదేళ్ళ కిందట, పనిలో చేరిన మొదటి నెలలో, బావమరిది ఒక తలుపు తీసి ఖాళీలోకి కాలు పెట్టబోయాడు. మెకానిక్ కాలరు పట్టుకుని వెనక్కి లాగాడు. అప్పటినుంచి ఏ తలుపు తీసినా ముందు వేలి కణుపుతో రెండు దెబ్బలు. అవతల లిఫ్టు ఉంటే మొద్దుగా మోగుతుంది. లేకపోతే డొల్లగా. పేరంటానికొచ్చావా తలుపు కొడుతున్నావని కంపెనీలో అందరూ ఏడిపించేవారు. ఇంకెవరికీ ఆ అలవాటు లేదు.

ప్రమాదం మర్నాడు పొద్దున్నే ఇన్‌స్పెక్టరు రావలసి ఉంది. ఒక తాళం వదులుగా కనిపిస్తే చాలు, మెకానిక్ మీద ఒక చెడ్డ మాట రాస్తాడు. పదవి పక్కవాడికి పోతుంది. బావమరిది అంతవరకే అనుకుని ఉంటాడు. ఆ రాత్రి మేస్త్రికి మందులు కావలసి వస్తాయని అనుకుని ఉండడు.

కానీ ఆ తర్వాత ఏడాది పాటు ఆదివారాలు అనుకునే వచ్చాడు.

“ఎవరు?” అంది ఆవిడ.

పేరు నోటిదాకా వచ్చింది. భార్య మొహం అడ్డొచ్చింది. పైగా చెప్పి లాభమేమిటి? ‘బిగించాను’ అని పదకొండు సార్లు చెబితేనే దిక్కు లేదు. టక్ టక్ అన్న చప్పుడుని ఏ కాగితం మీద రాస్తారు?

“మీరే వినండి,” అన్నాడు.

లిఫ్టుని కిందికి పంపాడు. పైకి వెళ్ళి ఫ్యూజు పీకి జేబులో వేసుకున్నాడు. అప్పుడు ఫోన్ చేశాడు.

“దొరికింది.”

“ఏం దొరికింది?” అన్నాడు బావమరిది.

“మూడో అంతస్తు తలుపు తాళంలో ఉంది. ఫోన్‌లో చెప్పేది కాదు. లాగ్‌బుక్కులో నీ సంతకం కూడా కావాలి.”

అవతల కుర్చీ జరిపిన చప్పుడు.

“వస్తున్నా,” అన్నాడు తర్వాత. “ఏమీ ముట్టుకోకు బావా.”

దెయ్యాల కొంపకి ఇరవై నిమిషాల్లో వచ్చాడు. మెట్లెక్కి, రొప్పుతూ, చొక్కా గుండీ ఒకటి తప్పు కాజాలో పెట్టుకుని.

“ఏదీ?”

“తలుపు తీసి నువ్వే చూడు.”

బావమరిది లిఫ్టు లేకున్నా తలుపు తెరిచే కంపెనీ తాళంచెవి తీశాడు. ఒకసారి మెకానిక్ మొహంలోకి చూశాడు. టార్చి వెనక మొహం కనపడలేదు. తలుపు వైపు తిరిగాడు. చెయ్యి దానంతటదే లేచింది.

టక్… టక్.

మూడంతస్తుల ఖాళీలో ఆ చప్పుడు డొల్లగా కిందిదాకా దిగింది.

పక్కింటి తలుపు కింద దీపం వెలిగింది.

బావమరిది కదల్లేదు. “ఈ అంతస్తులో… ఎవరూ లేరుగా బావా?”

జేబులో ఫ్యూజు మీద మెకానిక్ వేళ్ళు బిగిశాయి.

“ఎవరూ?” అంది లోపలి గొంతు. అరిచినట్టు లేదు. ఇంటి పనిలో ఉండి, తలెత్తకుండా అడిగినట్టుంది.

“లిఫ్టు వాళ్ళమండీ…” అనేసి, బావమరిది ఆగిపోయాడు.

గడియ తీసిన చప్పుడు. గుమ్మంలో, వెలుతురుకి వీపు పెట్టి, ఆవిడ.

“ఆ రోజు స్పానరు మరిచిపోయానన్నావు,” అంది. “దొరికిందా నాయనా?”