కఠజోడి ఒడ్డు సాక్షి

వాళ్లు దగ్గరికొచ్చేస్తున్నారు!

లోపాముద్ర స్కూటర్ అద్దంలోకి చూస్తుంది. నల్ల మోటార్‌సైకిల్... ఇద్దరు... మొహాలకు గమ్ఛా తువ్వాళ్లు.

కటక్. కఠజోడి నది ఒడ్డున రింగ్ రోడ్డు. జోరువాన. పది దాటి ఏడు నిమిషాలు.

"మౌసా, గట్టిగా పట్టుకోండి!"

"పట్టుకునే ఉన్నానమ్మా. వరదలో నా పడవే ఇంతకంటే నయం!"

వెనక నటబర్ బెహెరా. ఆమెకి మౌసా, అంటే బాబాయి వరస. డెబ్బై ఏళ్ల పడవవాడు. పదహారేళ్ల కిందట ఇసుక కాంట్రాక్టర్ హత్యకు ఏకైక సాక్షి. ఆయన మాట మీదే సనాతన్ మల్లిక్‌కు యావజ్జీవం పడింది.

ఆ కేసు మీద లోపా మూడేళ్లుగా డాక్యుమెంటరీ తీస్తోంది. నెల కిందట కెమెరా ముందు ముసలాయన నోరు విప్పాడు. సనాతన్ చంపలేదు... నేను అబద్ధం చెప్పాను!

వీడియో చాలదన్నారు జడ్జి. మనిషి రావాలి. ఇవాళ పదిన్నరకి. రాకపోతే సనాతన్ విడుదల పిటిషన్ కొట్టేస్తారు.

జైల్లో సనాతన్ రక్తం కక్కుతున్నాడు. ఇంకో వాయిదా దాకా బతకడు!

మోటార్‌సైకిల్ పక్కకొచ్చింది.

లోపా హ్యాండిల్ తిప్పుతుంది. సందు! ఎదురుగా దహిబరా, పెరుగువడలు అమ్మేవాడి సైకిల్!

ధడేల్!

"ఏయ్ పిల్లా! ఆలుదమ్ తినడానికొచ్చావా, తొక్కడానికొచ్చావా?"

మోకాలు చిట్లింది. లేస్తుంది. అప్పటికే ఒకడు నటబర్ చెయ్యి పట్టి లాగుతున్నాడు.

"వదలరా!"

కెమెరా బ్యాగ్ ఎత్తి మొహాన కొడుతుంది. గమ్ఛా జారింది. పాతికేళ్ల కుర్రాడు... ఏడుస్తున్నాడు!

"ఎవరు మౌసా వీళ్లు? అప్పట్లో కేసు నడిపిన ఇన్‌స్పెక్టర్ మనుషులా?"

"పరిగెత్తమ్మా... పరిగెత్తు!"

పరిగెత్తుతారు. బురద. ఆయాసం. కోర్టు గేటు.

పది ఇరవై తొమ్మిది!

నటబర్ బోనెక్కాడు. లోపా గోడకు ఆనుకుని ఊపిరి పీల్చుకుంటుంది. గెలిచాం!

"చెప్పండి," అంటారు జడ్జి. "పోలీసులు బెదిరిస్తే అబద్ధం చెప్పారా?"

"లేదు బాబూ. ఎవరూ బెదిరించలేదు."

లోపా గోడ వదిలి నిటారుగా నిలబడుతుంది.

"కాంట్రాక్టర్ నా పడవ తగలబెట్టాడు. తెడ్డుతో కొట్టాను. పడిపోయాడు. దారిన పోతున్న సనాతన్ పరిగెత్తుకొచ్చి వాణ్ని లేపబోయాడు... చొక్కా నిండా రక్తం. పోలీసులొచ్చారు. నేను వేలు చూపించాను."

నటబర్ తలెత్తి జడ్జిని చూశాడు.

"చంపింది నేనే!"

"బాపా... వద్దు!"

తలుపు దగ్గర అరుపు. ఆ ఇద్దరే! పోలీసులు వాళ్లను వెనక్కి నెడుతున్నారు.

"కొట్టకండి బాబూ," నటబర్ చేతులు జోడించాడు. "నా కొడుకులు. పొద్దున్న వాళ్లకి నిజం చెప్పే బయల్దేరాను. నన్ను ఆపడానికి తరుముతున్నారు."

పెద్దవాడి పెదవి చిట్లి రక్తం కారుతోంది. లోపా కొట్టిన దెబ్బ!

వాడు జడ్జి వైపు చూడడం లేదు. తండ్రి వైపు చూడడం లేదు.

సూటిగా ఆమె వైపే చూస్తున్నాడు.

"మా నాన్నని నువ్వే తీసుకొచ్చావ్ కదా!"