చెక్కముక్క రెండోవైపు

గుండ్రాయి చెక్కముక్కకు తెల్లరంగు పూసి, దాని మీద ‘భూమి’ అని నల్లగా రాసింది. రంగు ఆరేదాకా బుగ్గలు నొప్పెట్టేలా ఊదింది.

గుండ్రాయి అసలు పేరు కాదు. బొద్దుగా ఉంటుంది, ఒక పట్టాన కదలదు. అందుకని వాళ్ళమ్మ పనిచేసే షెడ్డులో అందరూ అలాగే పిలుస్తారు. అసలు పేరుకు అర్థం భూమి. ఎవరి పేరుకు ఏం అర్థమో బోర్డు మీద రాసి తెమ్మన్నారు టీచరు. స్నేహితుల పేర్లకు వెన్నెల, దీపం, మంచు అని ముచ్చటైన అర్థాలున్నాయి. తనది చూస్తే మట్టి. కనీసం బోర్డయినా అందరికంటే బాగుండాలని పంతం పట్టింది.

ఇంతకీ ఆ చెక్క ఎక్కడిదంటారా? అమ్మ రాళ్ళపెట్టెలోది. అమ్మ జియాలజిస్టు. బోరు వేసి తీసిన పొడవాటి రాళ్ళను, వచ్చిన వరసలోనే పెట్టెల్లో సర్దుతారు. వాటి మధ్యలో ఈ చెక్క కనిపించింది. రాళ్ళపెట్టెలో చెక్కకేం పని అనుకుని లాగేసింది. అంతటితో ఊరుకోక, సందు కనబడకుండా రాళ్ళను దగ్గరికి జరిపింది.

బోర్డును వీపు వెనక దాచుకుని, బోరు మెషీను నడిపే మామయ్యను ఆశ్చర్యపరుద్దామని బయటికి వెళ్ళింది. ఆయన మెషీను తుడుస్తున్నాడు. మిట్టమధ్యాహ్నం, ఆకు కూడా కదలడం లేదు. కానీ నేలలోంచి పైకొచ్చిన ఇనుపగొట్టం దగ్గర కాళ్ళకు చల్లగా తగిలింది.

గుండ్రాయి వంగి చూసింది. లోపలంతా చీకటి. చల్లటి గాలి ముఖానికి కొట్టింది. ఆగింది. మళ్ళీ వచ్చింది. కింద ఎవరో నిద్రపోతూ ఊపిరి వదులుతున్నట్టుంది.

“మామయ్యా, లోపలెవరున్నారు?”

“ఎవరూ లేరు. అదే భయం,” అన్నాడాయన. “సున్నపురాయిని నీళ్ళు తినేస్తే గుహ పడుతుంది. పైకి గట్టినేలలాగే ఉంటుంది. మీ స్కూలువాళ్ళు చిన్నపిల్లల గదులు ఇక్కడే కడతామంటున్నారు. కట్టారనుకో, ఏదో ఒకరోజు గుటుక్కున మింగేస్తుంది.”

“మరి అమ్మకు తెలుసా?”

“బోరు వేసినప్పుడు మీ అమ్మ లేదుగా. రాయి దొరకని చోట చెక్క పెట్టి, దాని మీద రాసి ఉంచాను. అది చూసే రిపోర్టు రాస్తుంది.”

గుండ్రాయి పక్కకు తిరిగి బోర్డు వెనకవైపు చూసింది. పెన్సిలు రాత. ఇందాక రంగు పూసే హడావిడిలో పట్టించుకోలేదు. ‘ఖాళీ, రెండు మీటర్లు.’

గొట్టం మళ్ళీ ఊపిరి వదిలింది. ఈసారి తన మెడ మీదే వదిలినట్టనిపించింది.

షెడ్డులోకి పరుగెత్తింది. అమ్మ రాస్తోంది.

“ఏం రాశావమ్మా?”

“కిందిదాకా గట్టిరాయే అని. బోరు లోతుకూ రాళ్ళ పొడవుకూ మాత్రం రెండు మీటర్లు తేడా వస్తోంది. మామయ్య కొలత తప్పినట్టున్నాడు.”

నోరు మూసుకుంటే ఎవరికీ తెలియదు. రేపు బోర్డు కూడా ఉంటుంది.

“మామయ్య కాదమ్మా. నేను.” బోర్డు ముందుకు చాపింది.

అమ్మ దాన్ని తిప్పి వెనక రాత చదివింది. “ఎక్కడ తీశావే?” అని మెల్లగా అడిగింది.

ఇప్పుడు చూస్తే రాళ్ళన్నీ ఒకేలా ఉన్నాయి. గుండ్రాయి ఒక్కొక్కటే తడుముకుంటూ వెళ్ళింది. చివరికి పురుగు తిన్నట్టు చిల్లులు పడ్డ రాయి వేలికి తగిలింది.

“ఇక్కడే. దీని పక్కనే.”

అమ్మ రిపోర్టు కాగితం చింపేసింది. “మరి రేపు బోర్డెలా?” అంది.

గుండ్రాయి రాళ్ళను జరిపి, చెక్కను బోర్లించి సందులో పెట్టింది. ‘భూమి’ అడుగుకు పోయింది. పైన ‘ఖాళీ’ అన్న మాట స్పష్టంగా కనబడుతోంది.