బ్రహ్మచారి క్వార్టర్ల దగ్గు

లాలాగూడ రైలు కార్ఖానా ఎనక, ఆఖరి వరుసల కొసకున్న క్వార్టర్... చీకటి పడితే దాని ముంగటికెల్లి ఎవలూ పోకపోదురు. లోపల దీపముండదు. మనిషి కానరాడు. దగ్గు మాత్రం ఇనబడేది — ఖళ్ ఖళ్ మని, ముసలి దగ్గు.

అది బ్రహ్మచారి దగ్గు అనేటోళ్లు — పేరుకే బ్రహ్మచారి, పెండ్లాం పిల్లలున్నోడే. ముప్పై ఏండ్లు కార్ఖానాల ఫిట్టర్ పని చేసి, పోలీస్ యాక్షన్‌కు ముందే రిటైరైండు. రిటైరైనోడు ఇల్లు ఇడవాలె గద? ఇడవలే. రైల్వేవాళ్లు కేసు ఏస్తే ఒక కోర్టు, "ఈ జాగ మా హద్దుల లేదు, అటు పోండ్రి" అన్నది. అటు పోతే, "మాది సుత గాదు, ఇటు పోండ్రి" అన్నరు. నిజాం రాజ్యం పోయింది గని ఆ ఫైలు మాత్రం తిరుగుతనే ఉన్నది. థూ! చెప్తుంటేనే నోరు చేదైతది.

ఆ క్వార్టర్ కార్ఖానాలనే పని చేసే మా దోస్తు హనీఫ్ పేరు మీద రాసిన్రు. ఆయనేమో మౌలాలిల, కారే రేకుల కింద ఉంటుండె. భార్య షహర్ బానోకు నెలలు నిండినయ్. వానలు షురూ అయినయ్.

ఈ నడుమ ముసలాయన్ని చూసినోళ్లు లేరు. చచ్చి దెయ్యమైండని కాలనీ అంత గుసగుస. అల్లుడు పర్వతాలు మాత్రం, "మా మామ బతికే ఉన్నడు, మంచంల పడ్డడు" అని కోర్టుల చెప్పిండు. నోటీసు తెచ్చిన చప్రాసి దగ్గు ఇని గేటు కాడికెల్లే ఉరికిండు.

హనీఫ్‌కు ఇంకో దారి లేదు. కాళ్లు పట్టుకొనన్న తలదాచుకోనీకె ఒక అర్ర అడుగుదామని, తెల్లారుజామున కార్ఖానా సైరన్ మొదటి కూతకు ముందే పోయిండు. ఇది ఆయన నోటితోని ఇన్నదే.

తలుపు దగ్గరేసి ఉన్నది. లోపల చిమ్మచీకటి... మంచం మీద ముసుగు... ఖళ్... ఖళ్...

"తాతా... జెర ఒక్క అర్ర ఇయ్యి. కాన్పు అయ్యేదాకనే..."

ముసుగు మల్ల దగ్గింది.

గప్పుడే కార్ఖానా కూత పెట్టింది. ముసుగు కదల్లే. హనీఫ్‌కు అనుమానమైంది. బ్రహ్మచారి సంగతి ఎరుకలేనిది ఎవలికి? కూత ఇనబడితే కాళ్లు నేల మీద పడాలె. రిటైరైనంక సుత రోజూ టిఫిన్ డబ్బ పట్టుకొని గేటు దాక పోయొచ్చేటోడు.

ముసుగు గుంజిండు. పర్వతాలు!

"మీ మామ ఏడిరా?"

"గట్టిగ అనకు... ఆర్నెల్లాయె పోయి. ఊర్లనే మట్టి చేసినం. కేసు ఆయన పేరు మీదనే ఉన్నది గద..."

 సచ్చిన మామ దగ్గు దగ్గుకుంట ఇల్లు ఆక్రమించుకున్నడు, నీచుడు!

అంతల రెండో కూత పెట్టింది.

వంటింట్ల టిఫిన్ డబ్బ మూత పడ్డ చప్పుడు... ఎనకనే అడుగులు — మెల్లగ, ఈడ్చుకుంట... ఇద్దరి నడుమకెల్లి పోయినయ్. తలుపు దానంతట అదే తెరుచుకున్నది. అడుగులు కార్ఖానా గేటు దిక్కు పోయినయ్. మనిషి లేడు.

పర్వతాలు మల్ల ముసుగు మీదికి గుంజుకున్నడు. ఇగనన్న ఇల్లు ఇడుస్తడు అనుకున్నడు హనీఫ్. వాడేమో మెల్లగ లేచి, తలుపు పెట్టి, గొళ్లెమేసి, హనీఫ్ చెవుల అన్నడు:

"చూసినవ్ గద? మా మామ ఈడనే ఉంటున్నడు. కోర్టుల గిదే చెప్పు... నువ్వే సాక్షి."

ఆ వారమే షహర్ బానో రేకుల కిందనే కన్నది. వానకు పొత్తిళ్లు సుత తడిసినయట. పర్వతాలు ఇంక ఆ ఇంట్లనే దగ్గుతున్నడు, థూ!