ఎడమ చెయ్యి, పాత ప్లేటు

"హరీష్ కింద పడ్డాడు," అన్నాడు చీఫ్ లక్ష్మణరావు.

ఏజెంట్ ఫల్గుణ టీ కప్పు పక్కన పెట్టాడు. విశాఖలోని ఆ గదికి కిటికీలు లేవు. గోడమీద ఒకే ఒక్క ఎక్స్‌రే వెలుగుతోంది.

"ఎవరైనా తోశారా?"

"లేదు. సిల్వర్ ఓక్ చెట్టుకి పాకిన మిరియాలు కోస్తూ తనే పడ్డాడు. ఎడమ భుజం కింద ఎముక విరిగింది."

హరీష్ నేవీ ఇంజనీరు. జలాంతర్గామి డ్రాయింగులు ఎత్తుకుపోయిన విదేశీ ముఠాను కళ్ళారా చూసిన ఏకైక సాక్షి. కోర్టులో సాక్ష్యం చెప్పేదాకా డిపార్టుమెంటు అతన్ని అనంతగిరి కాఫీ తోటలో లెక్కలు రాసే రైటరుగా దాచింది. పేరు మార్చింది. గడ్డం పెంచమంది. మార్చలేనిది ఒక్కటే మిగిలింది. ఎప్పుడో ఆ చేతి ఎముకకి వేసిన స్టీలు ప్లేటు.

"ప్లేటు సంగతి ముఠాకి తెలుసు," అన్నాడు చీఫ్. "ఆసుపత్రుల ఇన్సూరెన్స్ డేటా దొంగతనంగా కొంటున్నారు. ప్రతి జబ్బుకీ ఒక కోడ్ ఉంటుంది. పై చేతి ఎముక మామూలుగా విరిగితే ఎస్ 42తో మొదలవుతుంది. అలాంటివి వందలుంటాయి. పాత ప్లేటు దగ్గర విరిగితే మాత్రం ఎమ్ 96.622. చివర రెండు ఉంటే ఎడమ చెయ్యి. ఈ మన్యంలో ఇవాళ ఆ కోడ్ ఒక్కడికే పడుతుంది."

"పడితే?"

"వాళ్ళ కంప్యూటర్ మోగుతుంది. హరీష్ రేపటిదాకా బతకడు. ఆ కోడ్ బయటికి పోకూడదు. అతను చేరిన ఆసుపత్రిలో కోడింగ్ చేసే రమ్య మన మనిషే." చీఫ్ ఒక వాచీ ముందుకి జరిపాడు. "పక్కన నొక్కితే మత్తు సూది వస్తుంది."

ఫల్గుణ దాన్ని ఎడమ చేతికి కట్టుకున్నాడు.

మధ్యాహ్నానికి మిరియాల సేటు వేషంలో కొండమీది చిన్న ఆసుపత్రి ముందు జీపు దిగాడు. కోడింగ్ గదిలో ఏసీ చల్లగా ఉంది. నల్లకళ్ళద్దాలు జుట్టులోకి తోసుకుని, ఎర్రటి గోళ్ళతో కీబోర్డు కొడుతోంది రమ్య.

"ఈ ఏడు కాఫీ పూత ఎలా ఉంది?"

"వాన పడితే పూస్తుంది." సంకేతం సరిపోయింది. ఆమె నవ్వింది. "ఆలస్యంగా వచ్చారు. కోడ్ వెళ్ళిపోయింది."

"ఎస్ 42 వేశారా?"

"ఎమ్ 96.622. ఎక్స్‌రేలో ప్లేటు అంత చక్కగా కనిపిస్తోంటే లేదని ఎలా రాయను?"

"వెనక్కి తీసుకోండి."

"పంపాక నా చేతిలో ఉండదు. పైగా నాకు జీతమిచ్చేవాళ్ళు ఇద్దరు. మీవాళ్ళెప్పుడూ ఆలస్యమే." ఆమె కుర్చీలోంచి లేచి హ్యాండ్‌బ్యాగ్ తీసుకుంది. అందులోంచి చిన్న పిస్టల్ మూతి కనబడింది. "వాళ్ళ అంబులెన్స్ వస్తోంది. మీ జీపు టైర్లు ఇందాకే కోయించాను. సంతకెళ్ళి మిరియాలు కొనుక్కోండి సేటు గారూ."

ఆమె గేటు వైపు వెళ్ళిపోయింది. ఫల్గుణ ఫోన్ తీశాడు. సిగ్నల్ లేదు. వార్డుకి పరుగెత్తాడు.

అక్కడ దేముడమ్మ డ్యూటీ డాక్టరుతో తగువు పడుతోంది. హరీష్ అద్దెకుంటున్నది ఆమె ఇంట్లోనే.

"ఇసాకపట్నం తీసుకెల్తే సెయ్యుంటాదా, పోతాదా? అది సెప్పు డాట్రు బాబూ. మా రైటరు బాబుని ఎముకలు కట్టే గాసికి సూపిత్తే ఎదురుబద్దలేసి కట్టీసేవోడు, ఈపాటికి అంబలి తాగీసేవోడు."

ఫల్గుణ ఐడీ కార్డు తీసి గొంతు తగ్గించి విషయం చెప్పాడు. డాక్టరు వార్డు తలుపు మూశాడు. హరీష్ కళ్ళు మూసుకున్నాడు.

"నన్నొదిలెయ్యండి సార్. పేరు మార్చమన్నారు, మార్చుకున్నాను. ఇల్లు మార్చమన్నారు, మార్చాను. ఎముకని ఎలా మార్చుకోను?"

ఫల్గుణ దేముడమ్మ వైపు తిరిగాడు. "అమ్మా, ఘాట్ రోడ్డు దాటితే పోలీసు క్యాంపుంది. డోలీలో మోసుకెళ్ళడానికి మగవాళ్ళు దొరుకుతారా?"

"మగోలెక్కడున్నారు బావూ? ఇటుకల పండగ కదేటి. అందరూ అడవిలోకి ఏటకి పోనారు."

"మరి మోసేదెవరు?"

"మాకు బుజాల్లేవేటి?"

నలుగురు ఆడవాళ్ళు వెనక దారిన డోలీ ఎత్తారు. హరీష్ మంచం మీద ఫల్గుణ పడుకున్నాడు. రమ్య హరీష్ ఎముకే చూసింది తప్ప ముఖం చూడలేదు. డాక్టరు ఫల్గుణ ముఖానికి కట్టు కట్టి, ఎడమ చేతిని ఛాతీకి అంటించి ఫైబర్ ప్లాస్టర్ చుట్టేశాడు. అది బిగుసుకున్నాక గానీ వాచీ లోపల ఉండిపోయిందని ఫల్గుణకి గుర్తు రాలేదు.

సైరన్ మోగింది. తెల్లకోటు వేసుకున్న నీలికళ్ళ మనిషి లోపలికి వచ్చాడు. ముఠా నాయకుడు. కోడ్ నేమ్ గద్ద. రెఫరల్ కాగితం డాక్టరు చేతిలో పెట్టి, స్ట్రెచర్ మీద ఫల్గుణ కాళ్ళనీ కుడి చేతినీ బెల్టులతో బిగించాడు. చీలమండ దగ్గర దాచుకున్న పిస్టల్ ఇప్పుడు ఫల్గుణకి చంద్రమండలమంత దూరం.

అంబులెన్స్ ఘాట్ దిగుతోంది. రమ్య ఎదురుగా కూర్చుంది. గద్ద కెమెరా అంత ఎక్స్‌రే యంత్రం తీసి ప్లాస్టర్ మీద ఆనించాడు. స్క్రీన్ వెలిగింది.

"ప్లేటు లేదు," అన్నాడు నేర్చుకున్న తెలుగులో. "విరగలేదు కూడా. చాలా ఆరోగ్యమైన ఎముక." ముఖానికున్న కట్టు లాగేశాడు.

"మిరియాల సేటు!" అంది రమ్య.

"హరీష్ ఎక్కడ?"

ఫల్గుణ పెదవి కదపలేదు. కానీ కళ్ళు మోసం చేశాయి. కిటికీలోంచి వాలు మీద దేముడమ్మ ఎర్రచీర కనిపించింది. వెనక డోలీ. కాలిబాట వెంట దిగి, ముందు మలుపు దగ్గర రోడ్డు దాటబోతున్నారు. ఫల్గుణ చూపు తిప్పుకునేసరికి గద్ద కూడా అటు చూసేశాడు.

"వేగం పెంచు. డోలీ మీంచి పోనియ్," అన్నాడు గద్ద డ్రైవరుతో.

ఫల్గుణ గింజుకున్నాడు. బెల్టు ఒక్క అంగుళం జరగలేదు. అరిచాడు. సైరన్ ఆ అరుపుని మింగేసింది. తన చూపే హరీష్‌ని చంపబోతోంది. ఆ చూపుని వెనక్కి తీసుకోవడం కూడా ఎవరి చేతిలోనూ లేదు.

బండి మలుపు తిరిగింది. రోడ్డుకి అడ్డంగా పొడుగాటి వెదురు కర్ర. దాని వెనక జడల్లో పూలు పెట్టుకున్న ఆడవాళ్ళు ఇరవైమంది, చేతులు కలిపి పాడుతున్నారు. డ్రైవరు బ్రేకు తొక్కాడు. అతనూ ఈ కొండలవాడు కాదు.

"చెక్‌పోస్ట్!" అన్నాడు గద్ద.

"కాదు, పండగ," అంది రమ్య. "ఈ పండక్కి ఆడవాళ్ళు బళ్ళాపి చందా అడుగుతారు. పది రూపాయలిస్తే కర్ర ఎత్తేస్తారు."

గద్ద ఆమె వైపు తిరిగాడు. "పోలీసులు ఆడవేషంలో ఉన్నారు. మమ్మల్ని ఆపడానికి నీకెంత ఇచ్చారు?"

"నిజం చెబుతున్నాను! పది రూపాయలు!"

"నువ్వు రెండు వైపులా పనిచేస్తావు. రివర్స్!"

బండి వెనక్కి దూకింది. వెనక చక్రాలు రోడ్డు అంచు దాటాయి. వెనక తలుపులు తెరుచుకుని, గద్ద సంచీ, రమ్య హ్యాండ్‌బ్యాగ్ పిస్టళ్ళతో సహా లోయలోకి జారిపోయాయి. స్ట్రెచర్ వాటి వెనకే జారి, కాలి బెల్టు సీటు కాలికి తగులుకుని సగంలో ఆగింది. ఫల్గుణ తల కింద గాలి తప్ప ఏమీ లేదు. గద్ద స్ట్రెచర్ వైపు చెయ్యి చాపాడు. బండి కిర్రుమంది. చెయ్యి వెనక్కి తీసుకున్నాడు.

ఇక ఎవరూ కదల్లేదు. కదలలేరు.

"ఓలమ్మో, ఒరిగిపోతాంది! బేగి బేగి!" అంటూ ఆడవాళ్ళు వచ్చి బానెట్ మీద ఎక్కి కూర్చున్నారు. బండి సర్దుకుంది. ఒకామె కిటికీలోంచి డ్రైవరు వైపు చెయ్యి చాపింది. "మావా, సందా!"

పక్కనే రోడ్డు దాటుతున్న డోలీని చూసి వాళ్ళే దారిచ్చారు. క్యాంపు చేరిన హరీష్ చెప్పగానే పోలీసుల జీపు వచ్చింది. బండిని తాళ్ళతో లాగారు. గద్దకీ డ్రైవరుకీ రమ్యకీ సంకెళ్ళు పడ్డాయి.

"ఒక్కసారి నిజం చెప్పాను," అంది రమ్య జీపెక్కుతూ. "అదీ నమ్మలేదు."

ఫల్గుణని స్ట్రెచర్ మీంచి దించి నిలబెట్టారు. అంతా అయిపోయిందనుకున్నాడు. ఆడవాళ్ళు చుట్టూ చేరారు.

"మరి నీ డబ్బులేవి బావా?"

"జేబు ప్లాస్టర్ కింద ఉంది."

"అలాగైతే పాట పాడు."

ఏ చిత్రహింసకీ నోరు విప్పని ఏజెంటుగా డిపార్టుమెంటులో ఫల్గుణకి పేరుంది. ఆ పేరు ఆ మలుపు దగ్గరే పోయింది.