గుడి గోడ మీద అలక

"ఆ బుట్ట ఇటు తేవయ్యా నిదుప్! ఇక్కడేమైనా ముళ్లున్నాయా?"

గోడ మీద నుంచి దేమా అరిచింది. వీపున మట్టి బుట్టతో నిచ్చెన ఎక్కుతున్న నిదుప్ తలెత్తి నవ్వాడు. నవ్వి, వెళ్లి గోడ అవతలి కొసన ఉన్న యూడెన్ అనే అమ్మాయి ముందు మట్టి గుమ్మరించాడు.

దేమాకు ఒళ్లు మండింది.

భూకంపానికి కూలిన బుద్ధుడి గుడిని ఊరే తిరిగి లేపుతోంది. ఇంటికొకరు రావాలి. మగవాళ్లు మట్టి మోస్తే, ఆడవాళ్లు గోడ మీద, అచ్చుగా కట్టిన చెక్కల మధ్య నిలబడి పాడుతూ ఆ మట్టిని దిమ్మిసలతో కుదిస్తారు. పైనుంచి ఆడపిల్ల పాటలో ప్రశ్న అడిగితే, బుట్ట మోసేవాడు పాటలోనే బదులివ్వాలి. లేదంటే మొహాన గుప్పెడు మట్టి.

దేమా పనికి వచ్చిన రోజు నుంచీ నిదుప్‌నే అడుగుతోంది. అతను ఒక్కసారీ పాడలేదు. నవ్వుతూ మట్టి కొట్టించుకున్నాడు. టీ వేళకు మాత్రం, రాజధాని థింఫూ నుంచి సాయానికొచ్చిన ఆ యూడెన్ పక్కన చేరి ఒకటే గుసగుసలు. గోడ ఇవాళ్టితో అయిపోతుంది. రేపు యూడెన్ పక్క లోయలో ఇంకో గుడి పనికి పోతుంది. నిదుప్ కూడా వెళ్తున్నాడట.

"ఏమే, గోడ కుదిస్తున్నావా, ఎవడి వీపైనా కుదిస్తున్నావా?" అంది పక్కనే ఉన్న అంగే ల్హామో. ఆవిడ ఊరందరికీ అంగే, అంటే అమ్మమ్మే.

"మట్టి మెత్తగా ఉంది, అంగే."

"మట్టి బాగానే ఉంది. మెల్లగా కొట్టు, చెక్కలు విచ్చుకుంటాయి!"

దేమా వినలేదు. పాటెత్తుకుంది.

"పట్నం గాలి సోకినవాడా,
మా వాగు నీళ్లు చేదయ్యాయా?"

కింద నిచ్చెన దగ్గరున్న నిదుప్ బుట్ట దించాడు. గొంతు సవరించుకున్నాడు. జలుబు చేసిన జడలబర్రెలా అందుకున్నాడు.

"ఏ నీళ్లు తాగినా దాహం తీరదే,
నీ గుమ్మంలో ఆగితే తీరేనేమో!"

దిమ్మిసలన్నీ ఆగిపోయాయి. ఆ వెంటనే గోడంతా నవ్వులే.

"రెండో పాదం గొంతు పెంచి పాడమన్నాను కదా!" అని అరిచి, యూడెన్ నాలిక కరుచుకుంది.

దేమా ఆమె వైపు తిరిగింది. "నేర్పింది నువ్వా?"

"మా అమ్మ గోడ పాటలు పాడేది, అక్కా. గొంతు లేదని సిగ్గట ఈయనకి. నేర్పమని నా ప్రాణం తీశాడు. నీ జవాబు వినందే పక్క లోయకి రానంటున్నాడు, చూసుకో మరి."

ఇప్పుడు బదులు పాడాల్సింది దేమా. ఆమె దిమ్మిస పక్కన పెట్టి, నిచ్చెన దిగి నిదుప్ ఎదుట నిలబడింది.

"పెళ్లయితే మన ఆచారం ప్రకారం నువ్వే మా ఇంటికొచ్చి ఉండాలి, తెలుసుగా? మా అమ్మ తెల్లారకుండానే లేపుతుంది."

"లేస్తాను."

"ఆవులున్నాయి. పాలు పితకడం వచ్చా?"

"రాదు. కానీ నేర్చుకుంటా..."

దేమా ఓరకంట యూడెన్‌ను చూసింది.

"నేను నేర్పుతాను. ఇంకెవర్నీ అడక్కు."