టెస్టర్ నొక్కిన జవాబు

"మీ హీరోకి మూడో అధ్యాయంలో కాలు విరిగింది. నాలుగో అధ్యాయంలో బస్సు వెనకాల పరిగెడుతున్నాడు. కట్టు ఎప్పుడు విప్పారండీ?"

టెస్టర్ రచయిత్రితో అన్న మొదటి మాట ఇది. అదీ ఆమె ఉద్యోగంలో చేరిన రోజే, ఆమె నమూనాగా పంపిన కథ చదివి, అందరి ముందూ.

రచయిత్రికి ఒళ్లు మండింది. "ప్రేమలో ఉన్నవాడికి కాలు నొప్పి తెలీదు."

"డాక్టరుకి తెలుస్తుంది కదండీ!"

ఆ గొడవ ఎప్పుడు తీపెక్కిందో ఆమె గమనించలేదు. గమనించేసరికి ఆలస్యమైపోయింది.

ఆ ఆఫీసులో తయారయ్యేవి కథల ఆటలు. కథ మధ్యలో ఆగి ప్రశ్న అడుగుతుంది, ఆడేవాళ్లు నొక్కిన జవాబును బట్టి ముందుకు సాగుతుంది. ఆమె రాస్తుంది, అతను ఆడి తప్పులు పడతాడు.

"ఒకరు రాస్తారు, ఒకరు ఆడతారు, ఇద్దరికీ జీతాలు! ఇక్కడ మేమేం పాపం చేశామమ్మా, అంట్లు తోముతున్నాం" అంటుంది ఇంట్లో వదిన.

కొన్నాళ్లుగా ఆమె సాయంత్రాలు తన నవల రాసుకోవడం మానేసి కోడింగ్ నేర్చుకుంటోంది. వదిన ఆరా తీస్తే, "స్కిల్స్ పెరిగితే జీతం పెరుగుతుంది వదినా" అంది. అది సగం నిజం. మిగతా సగం, ప్రోగ్రామర్ కంట పడకుండా ఆటలో తానే ఒక ప్రశ్న పెట్టుకోవడం.

ఆవేళ పెట్టేసింది. హీరోయిన్ అడుగుతుంది: "కాలు విరిగిన నాటినుంచీ నాతో గొడవపడుతున్నావు. జీవితాంతం పడతావా?" కింద రెండు జవాబులు: 'సరే', 'కుదరదు'. అది తననే అడిగిందని టెస్టర్‌కి తప్ప ఎవరికీ అర్థం కాదు. సాయంత్రానికి ఆట జనంలోకి వెళ్లిపోతుంది.

అతను నొక్కేదంతా ఆమె తెరమీద పడుతుంది. కుర్చీ ముందుకు లాక్కుని చూసింది.

'కుదరదు'.

కాసేపటికి మళ్లీ 'కుదరదు'. ఆ తర్వాత గబగబా 'కుదరదు', 'కుదరదు'. ఇంత పట్టుదలగా మనిషిని ఎవరైనా కాదంటారా!

చివరికి అతని రిపోర్టు వచ్చింది: 'ఈ ప్రశ్న తొలగించాలి. అర్జెంట్.'

రచయిత్రి బ్యాగు భుజాన వేసుకుని నేరుగా అతని సీటు దగ్గరికి నడిచింది.

"ఒక్కసారి కుదరదంటే అర్థమయ్యేది. నేనేమైనా మొద్దునా?"

అతను తెల్లబోయాడు. "అవన్నీ మీకు కనబడతాయా?"

"ఒక్కటీ వదలకుండా."

"అయ్యో, అది నా పనండీ! మేం ముందు చెడే దారులే చూస్తాం. ఎలా కాదన్నా ఆట ఆగిపోకూడదు కదా. బాగుండే దారి చివర్లో."

"మరి చివర్లోనూ 'సరే' నొక్కలేదేం?"

"నొక్కబోయాను. చెయ్యి రాలేదు." అతని చెవులు ఎర్రబడ్డాయి. "అక్కడ నొక్కితే డ్యూటీలో నొక్కినట్టుంటుంది. పైగా సాయంత్రానికల్లా ఎవడుపడితే వాడు మీకు సరే అంటాడు. నాకు నచ్చలేదు. అందుకే తీసేయమన్నా."

బ్యాగు భుజం మీంచి జారింది. ఎత్తుకోవాలని ఆమెకు తోచలేదు.

"తీసేస్తే మరి నేనెలా అడగాలి?"

"నోటితో."

పేజీలకు పేజీలు మాట్లాడించే మనిషికి ఒక్క వాక్యం పెగల్లేదు. "జీవితాంతం... నాతో..."

"సరే."

"పూర్తిగా అడగనివ్వరా?"

"అడగండి, మళ్లీ మళ్లీ అడగండి. ప్రతిసారీ ఇదే జవాబు వస్తోందో లేదో చూడాలిగా!"